కారెల్ జెమాన్ బహుముఖుడా, ఒకే పనిని పదిరకాలుగా చేసినవాడా?

నలుపుతెలుపు:
సభ్యులకు నమస్కారం. చెక్ దర్శకుడు కారెల్ జెమాన్ సినిమాలను ఆయన తీసిన వరుసలోనే గత రెండు నెలలుగా చూస్తూ వచ్చాను. 1945 నాటి చిన్న చిత్రంతో మొదలుపెట్టి 1980 నాటి ఆఖరి చిత్రం దాకా వచ్చేసరికి, టైటిళ్లలో పేరు కనబడకపోతే ఇవన్నీ ఒక్క మనిషి చేతిలోంచి వచ్చాయంటే నమ్మలేని స్థితిలో పడ్డాను. ఒకచోట కొయ్యబొమ్మ, ఒకచోట గాజుబొమ్మ, ఒకచోట కత్తిరించిన కాగితం, మరొకచోట పాతకాలపు పుస్తకంలోని అచ్చుబొమ్మ మధ్య నడిచే నిజమైన నటుడు. ఒక సినిమాకు పనికొచ్చిన విద్యతోనే తరువాతి సినిమానూ లాగించేద్దామన్న బుద్ధి ఆయనకు చాలాకాలం పుట్టినట్టు లేదు.

పరిచయం లేనివారి కోసం నాలుగు మాటలు. ఆయన 1910 నవంబరు 3న ఒస్త్రోమ్యెర్ అనే ఊరిలో, అప్పటి ఆస్ట్రియా-హంగరీ సామ్రాజ్యంలో పుట్టారు. ఇంట్లోవాళ్లు పట్టుబట్టి వాణిజ్య పాఠశాలలో చేర్పించారు. తరువాత ఫ్రాన్సుకు వెళ్లి ప్రకటనల కళ నేర్చుకుని, మార్సేయ్ నగరంలో ఒక ప్రకటనల స్టూడియోలో పనిచేశారు. బొమ్మను కదిలించడం మొదట అక్కడే, ఒక సబ్బు ప్రకటన కోసం చేశారు. తిరిగి వచ్చి బ్ర్నో నగరంలో బాటా కంపెనీ దుకాణానికి వస్తువులు ప్రదర్శించే అద్దాల కిటికీలు అలంకరించే ఉద్యోగం చూసుకున్నారు. అక్కడ ఆయన నేర్పును చూసి జ్లీన్ అనే ఊరిలోని సినిమా స్టూడియోకు పిలిచినవాడు దర్శకుడు ఎల్మార్ క్లోస్. 1965లో యాన్ కాదార్‌తో కలిసి తీసిన సినిమాకు ఆస్కార్ అందుకున్న ఆ క్లోసే ఈయన. జెమాన్ 1943లో జ్లీన్ వెళ్లారు, మళ్లీ ఆ ఊరు వదలలేదు. కొట్టు కిటికీలో వస్తువులను ఎదురుగా నిలబడి చూసేవాడి కంటికి నప్పేలా ముందూ వెనకా అమర్చిన చేతులే తరువాత ముప్పై ఏళ్లకు పైగా సినిమా ఫ్రేములను అమర్చాయని నాకు గట్టిగా అనిపిస్తుంది. మీరేమంటారు?

పాతరీలు:
మీ ఉత్సాహం మీద నీళ్లు చల్లాలని కాదు గానీ, "బహుముఖుడు" అన్న మాటను మనం చాలా తేలికగా వాడేస్తున్నామని నా అభ్యంతరం. ఒక దర్శకుడు హాస్యం, విషాదం, కుటుంబకథ, యుద్ధగాథ అన్నీ సమర్థంగా తీస్తే బహుముఖుడంటాం. జెమాన్ తీసినవన్నీ సాహసయాత్రలు, అద్భుతకథలు. ఫ్రెంచి సాహసకథల రచయిత జూల్ వెర్న్ నవలలను ఆధారం చేసుకున్నవే మూడున్నాయి. పనిముట్లు మారాయేమో గాని, మనిషి ఊహ మారలేదు: ఎవరో ఒక వాహనమెక్కి తెలియని చోటికి వెళతారు, వింతలు చూస్తారు, తిరిగి వస్తారు. పడవ, జలాంతర్గామి, ఫిరంగిగుండు, గాలినౌక, చివరికి తోకచుక్క. వాహనం మారిందని ప్రయాణికుణ్ణి బహుముఖుడనగలమా? బొమ్మల సినిమాలో లోతు కావాలంటే అదే కాలంలో ప్రాగ్‌లో పనిచేసిన యిర్జీ త్రన్కా దగ్గరికి వెళ్లాలన్నది నా అభిప్రాయం.

బ్ర్నోవాసి:
నేను ఉద్యోగరీత్యా నాలుగేళ్లుగా బ్ర్నోలో ఉంటున్నాను. ఇక్కడి నుంచి జ్లీన్ రెండు గంటల లోపు ప్రయాణం కనుక ఒక శనివారం వెళ్లి చూసి వచ్చాను. మన ఊళ్ల బజారులో చెప్పులు కొనే బాటా దుకాణానికి ఆ ఊరే పుట్టినిల్లు. 1894లో తొమాష్ బాట్యా అక్కడే కంపెనీ పెట్టారు. ఊరంతా ఎర్రటి ఇటుకల పెట్టెలు పేర్చినట్టుంటుంది. కంపెనీ పాత కార్యాలయ భవనంలో యజమాని గది మొత్తం ఒక లిఫ్టులో ఉంటుంది, ఆయన కుర్చీలో కూర్చునే అంతస్తులు మారేందుకు వీలుగా కట్టించారు. జెమాన్‌కు దీనితో సంబంధం లేదు, కాని ఆ ఊరి బుర్ర ఎలా పనిచేస్తుందో అర్థమవుతుందని చెబుతున్నాను.

చర్చకు పనికివచ్చే సంగతి ఏమిటంటే, ఊరి అంచున కుద్లోవ్ గుట్ట మీద 1936లో బాటా వాళ్లు చెప్పుల ప్రకటనల కోసం కట్టుకున్నదే ఆ స్టూడియో. 1945 ఆగస్టులో దేశంలోని సినిమా పరిశ్రమ అంతా జాతీయమైనప్పుడు అది కూడా ప్రభుత్వానికి చేరింది. రాజధానికి దూరంగా ఉండడం, ప్రకటనలవాళ్లూ వడ్రంగులూ బొమ్మలు చేసేవాళ్లూ ఒకే ఆవరణలో దొరకడం, కావలసిన సామాను తామే తయారుచేసుకునే అలవాటు ఉండడం, ఈ మూడింటినీ పక్కన పెట్టి జెమాన్‌ను అంచనా వేయలేం. పైగా అక్కడ ఆయన ఒంటరివాడు కాదు. బొమ్మల సినిమాలో ఆయన కంటే ముందున్న హెర్మీనా తీర్లోవా అక్కడే పనిచేసేవారు, జెమాన్ మొదట ఆమె దగ్గరే సహాయకుడిగా చేరారు.

తోలుబొమ్మ:
పాతరీలు గారు కథావస్తువు వైపు నుంచి కొలుస్తున్నారు. నేను బొమ్మలాట చేసే కుటుంబంలో పుట్టినవాణ్ణి కనుక పదార్థం వైపు నుంచి చెబుతాను. పదార్థం మారితే కదలిక మారుతుంది, కదలిక మారితే ఆ బొమ్మ స్వభావమే మారుతుంది. ఇది చేత్తో ఆడించినవాళ్లకు బాగా తెలుసు.

1945 నాటి "క్రిస్మస్ కల" చిత్రంలో బొమ్మా మనిషీ ఒకే ఫ్రేములో ఉంటారు. దానికి మరుసటి ఏడాది ఫ్రాన్సులోని కాన్ చలనచిత్రోత్సవంలో బహుమతి వచ్చింది. వెంటనే 1946 నుంచి "పాన్ ప్రోకౌక్" వరుస మొదలైంది. పెద్ద ముక్కు, మీసం, టోపీ ఉన్న చిన్న కొయ్యమనిషి, ప్రతి కొత్త పనిలోనూ వేలు పెట్టి దెబ్బతినే రకం. ఆ బొమ్మ దేశమంతా పేరు తెచ్చుకుంది. అదొక్కటే పట్టుకుని జీవితమంతా గడిపేయవచ్చు, అలా గడిపినవాళ్లు అన్ని దేశాల్లోనూ ఉన్నారు.

ఆయన మాత్రం 1949లో "ప్రేరణ" అనే చిన్న చిత్రాన్ని గాజుబొమ్మలతో తీశారు. వానపడుతున్న రోజున ఒక గాజు కళాకారుడు కిటికీ దగ్గర కూర్చుని ఏమి చేయాలో తోచక చూస్తూ ఉంటాడు. అద్దం మీద జారే నీటిబొట్టులో ఒక లోకం కనబడుతుంది. అందులో గాజు నర్తకి, ఆమె వెంటపడే గాజు విదూషకుడు, గాలికి ఎగిరే పూల నూగు. ఇక్కడ కష్టం ఎక్కడుందో ఆలోచించండి. కొయ్యబొమ్మకు కీళ్లు పెట్టవచ్చు, తీగబొమ్మను వంచవచ్చు. చల్లారిన గాజు వంగదు, విరుగుతుంది. చెయ్యి ఒక అంగుళం లేవాలన్నా ఆ భంగిమకు గాజు రూపం మారవలసిందే. ఇంత మొండి పదార్థం చేత నాట్యం చేయించి, ఆ పని ముగిశాక మళ్లీ గాజు జోలికి వెళ్లకపోవడమే నన్ను ఆకట్టుకున్నది.

గోదారిగట్టు:
నేను ఈ చర్చకు కొత్తదాన్ని, జెమాన్ పేరు ఇప్పుడే వింటున్నాను. మా ఇంట్లో తొమ్మిదేళ్లవాడు, పన్నెండేళ్ల అమ్మాయి ఉన్నారు. వాళ్లతో కలిసి చూడాలంటే దేనితో మొదలుపెట్టాలో పెద్దలు దయచేసి చెప్పగలరా? వాడికి ప్రస్తుతం రాక్షసిబల్లులు తప్ప మరో లోకం లేదు.

నలుపుతెలుపు:
గోదారిగట్టు గారూ, అయితే మీ పని సులువైంది. 1955లో వచ్చిన "ఆదికాలానికి ప్రయాణం" మీ అబ్బాయి కోసమే తీశారనుకోండి. చెక్‌లో దాని పేరు "త్సెస్తా దో ప్రావ్యెకు".

నలుగురు పిల్లలు. చిన్నవాడు యిర్కాకు ఒక ట్రైలోబైటు (ఎప్పుడో అంతరించిపోయిన, పెంకున్న సముద్రజీవి) శిలాజం దొరుకుతుంది. బతికున్న ట్రైలోబైటును చూడాలని వాడికి కోరిక. నలుగురూ పడవ వేసుకుని నదిలో బయలుదేరితే, ఆ నది కాలంలో వెనక్కి పారుతుంది. ముందు మంచుయుగం, మామత్తులు; ఆపైన స్తన్యజీవుల కాలం; ఆపైన రాక్షసిబల్లులు; ఆపైన బొగ్గు అడవులు; చివరికి ఒడ్డున మొక్కైనా సరిగా లేని తొలినాళ్ల సముద్రం. సాధారణంగా ఇలాంటి కథల్లో యంత్రమో మంత్రమో ఉంటుంది, దాన్ని నమ్మించడానికి అరగంట పోతుంది. ఇక్కడ నది పారుతుంది, పడవ ఒక గుహలోంచి వెళుతుంది, అంతకు మించి వివరణ లేదు.

జంతువుల రూపురేఖలకు ఆధారం చిత్రకారుడు జ్దెన్యెక్ బురియాన్ వేసిన బొమ్మలు. శాస్త్ర సలహా పురాజీవ శాస్త్రవేత్త యోసెఫ్ అవుగుస్తాది. అప్పటికి తెలిసిన విజ్ఞానం ప్రకారం తీశారు కనుక కొన్ని జంతువుల నిలుచునే తీరు ఈనాటి పుస్తకాలకు భిన్నంగా కనిపిస్తుంది, మీ అబ్బాయి తప్పక తప్పులు పడతాడు. నాకు మరపురాని చోటు మాత్రం పోరాట దృశ్యం కాదు, దాని తరువాతది. పోట్లాటలో దెబ్బతిన్న స్టెగోసారస్ చచ్చిపడి ఉంటే పిల్లలు దగ్గరికి వెళ్లి, ఎక్కి, కొలిచి, తడిమి చూస్తారు. అంతవరకు దూరం నుంచి చూసిన బొమ్మ కాస్తా ఒక్కసారిగా బరువున్న కళేబరమవుతుంది. చిన్న బొమ్మను దూరంగానూ పెద్ద నమూనాను దగ్గరగానూ వాడి, రెండూ ఒకటేనని కంటిని ఒప్పించిన తీరు అక్కడ చూడాలి.

ఒక జాగ్రత్త: 1966లో అమెరికాలో విడుదల చేసినప్పుడు, కథ న్యూయార్క్ ప్రకృతి చరిత్ర మ్యూజియంలో మొదలయ్యేట్టు కొత్త దృశ్యాలు తీసి అతికించారు. మీరు అసలు చెక్ ప్రతినే చూడండి.

లెక్కలమాస్టారు:
1958 నాటి "వినాశపు ఆవిష్కరణ" గురించి ఇంకా ఎవరూ రాయలేదు కనుక నేను రాస్తాను. చెక్‌లో "వినాలెజ్ జ్కాజి". వెర్న్ 1896లో రాసిన నవల దానికి ఆధారం. సినిమా 1958లోనే బ్రస్సెల్స్ ప్రపంచ ప్రదర్శనలో గ్రాండ్ ప్రీ అనే అగ్రబహుమతి గెలిచింది, 1961లో అమెరికాలోనూ విడుదలైంది.

వెర్న్ నవలల తొలి ప్రతులలో ఎదువార్ రియూ, లెయోన్ బెనె వంటి చిత్రకారుల బొమ్మలుండేవి. కొయ్యదిమ్మల మీద చెక్కి అచ్చువేసిన ఆ బొమ్మలలో నీడ అంటే నల్లరంగు పూత కాదు, దగ్గరదగ్గరగా గీసిన సన్నని గీతలు. జెమాన్ సినిమా మొత్తాన్ని ఆ గీతల్లోనే తీశారు. గోడల మీద గీతలు, యంత్రాల మీద గీతలు, నటుల బట్టల మీద గీతలు. నిజమైన సముద్రాన్ని తీసిన చోట కూడా దాని మీద గీతలు పరిచారు. ఒక ఫ్రేమును ఆపి చూస్తే, నటుడు నిలుచున్న నాలుగు మెట్లు మాత్రం కట్టినవి, పైనున్న గోడ గీసినది, దాని వెనక తిరిగే చక్రం కాగితంతో కత్తిరించినది, ఆ వెనక ఓడ చిన్న నమూనా కావచ్చు. ఏది ఎక్కడ ముగిసి ఏది మొదలవుతుందో పట్టుకోవడం చాలా కష్టం, ఎందుకంటే అన్నింటి చర్మమూ గీతలే.

ఇలాంటి కలయికకు రెండు పాత పద్ధతులున్నాయి. ఒకటి, కెమెరా ముందు గాజుపలక పెట్టి దాని మీద కావలసిన భాగాన్ని గీసి, ఖాళీ వదిలిన చోటిలోంచి వెనకనున్న నటుణ్ణి చిత్రించడం. రెండవది, కటకంలో సగాన్ని నల్లని అట్టతో మూసి నటుణ్ణి తీసి, ఫిల్మును వెనక్కి చుట్టి, ఈసారి రెండవ సగాన్ని మూసి నమూనాను తీయడం. వినడానికి ఇంతే. చేస్తే ఎలా ఉంటుందో తెలుసుకుందామని, ఎనిమిదో తరగతి చదివే మా అమ్మాయితో కలిసి డాబా మీద మొదటి పద్ధతిని ప్రయత్నించాను. పాత కిటికీ రెక్క అద్దాన్ని రెండు కుర్చీల మధ్య నిలబెట్టి, దాని మీద నల్లరంగుతో ఒక గాలినౌకను గీశాం. అమ్మాయి వాటర్ ట్యాంకు పక్కన నిలబడింది. ఫోనులో చూస్తే నౌక స్పష్టంగా ఉన్నప్పుడు అమ్మాయి మసక, అమ్మాయి స్పష్టమైతే నౌక మసక. ఇదిగాక అద్దంలో నా బట్టతల ప్రతిబింబం.

అద్దాన్ని నాలుగడుగులు ముందుకు జరిపి, బొమ్మను అంతకంత పెద్దదిగా మళ్లీ గీసి, నా వెనక నల్లదుప్పటి కట్టాక రెండూ కుదిరాయి. సంతోషంతో ఫోనును కొంచెం పక్కకు జరిపాను. నౌక కాస్తా ఆకాశంలోంచి జారి పక్కింటి గోడ మీదకు పోయింది. దగ్గరి వస్తువు, దూరపు వస్తువు ఒకే వేగంతో జరగవు గదా. జెమాన్ సినిమాల్లో కెమెరా ఎందుకు అంత నిలకడగా, పుస్తకం పేజీని చూసినట్టు ఎదురుగా నిలబడి ఉంటుందో నాకు అప్పుడు తెలిసింది. సాంకేతికంగా ఆయనకున్న సంకెల అది. అచ్చుబొమ్మల పుస్తకాన్ని నమూనాగా ఎంచుకోవడంతో ఆ సంకెలే శైలి అయింది, ఎందుకంటే పుస్తకంలోని బొమ్మ కూడా కదలదు.

పాతరీలు:
లెక్కలమాస్టారు గారి డాబా ప్రయోగం చదివాక నా మాటను కొంత సవరించుకోక తప్పడం లేదు. సంకెలను శైలిగా మార్చుకున్నారన్నది ఒప్పుకుంటాను. అయితే దాని ధర కూడా చెప్పాలి. ఆ సినిమాలో ఇంజనీరు సైమన్ హార్ట్‌గా వేసిన లుబోర్ తోకోష్ గానీ, తక్కినవారు గానీ మనుషుల్లా ఉండరు. కాళ్లు చేతులున్న అచ్చుబొమ్మల్లా నడుస్తారు, నిలబడతారు, తలతిప్పుతారు. ప్రొఫెసర్ రోష్ కనిపెట్టిన పేలుడు పదార్థం ప్రపంచాన్ని నాశనం చేయగలదని తెలిసినా నాకు భయం కలగలేదు, దృశ్యం ఎంత బాగుందో అనిపించింది. భయం కలగవలసిన చోట అందం కనిపించడం లోపం కాదా?

చరిత్రపుట:
పాతరీలు గారి ప్రశ్న మంచిది, కాని ఆ సినిమా వచ్చిన సంవత్సరాన్ని మరువకూడదు. అణ్వాయుధ పరీక్షలు పోటాపోటీగా జరుగుతున్న కాలంలో, ఒక్క శాస్త్రజ్ఞుడి చేతిలో ఉన్న పేలుడు పదార్థం గురించి తీసిన సినిమా అది. వెర్న్ నవలలో రోష్ మనసు మార్చుకునేది ఎదురుగా ఫ్రెంచి జెండా కనబడినప్పుడు. జెమాన్ సినిమాలో ఆ పని చేసేది జెండా కాదు, తన ఆవిష్కరణ ఎవరి చేతిలో పడిందో తెలుసుకున్న మనిషి అంతరాత్మ. జెండాను తీసేయడం చిన్న మార్పులా కనిపిస్తుంది గాని, దేశభక్తి కథ కాస్తా దాంతో శాస్త్రజ్ఞుడి బాధ్యత కథ అయింది.

ఇక అందం గురించి. ఆ సినిమాలో ఒకచోట ఆనాటి వార్తాచిత్రమన్నట్టు చూపే ముక్కలో ఒంటెల మీది సైన్యం చక్రాల బూట్లతో దూసుకుపోతుంది. మనం నవ్వుతాం. పందొమ్మిదో శతాబ్దపు మనిషి యంత్రం మీద పెట్టుకున్న అమాయకమైన నమ్మకాన్ని చూసి నవ్వుతున్నామన్నమాట. ఆ నమ్మకం చివరికి ఎక్కడికి చేరిందో 1958 నాటి ప్రేక్షకుడికి విడమరచి చెప్పనక్కరలేదు. అందంగా ఉండడం వల్లనే అది గుచ్చుకుంటుందని నా అభిప్రాయం.

మీరు అడిగిన వేరే రకం సినిమా కూడా ఉంది. 1964 నాటి "విదూషకుడి వృత్తాంతం", అంటే "బ్లాజ్నోవా క్రోనికా", పదిహేడో శతాబ్దంలో యూరప్‌లో జరిగిన ముప్పై ఏళ్ల యుద్ధకాలపు కథ. ఎవరి పక్షాన పోరాడుతున్నామన్నది పట్టని ఒక కుర్రాడు, ఒక ముదురు సిపాయి, ఒక విదూషకుడి వేషంలోని అమ్మాయి. స్క్రిప్టులో ఆయనతో కలిసి పనిచేసినవాడు పావెల్ యురాచెక్, తరువాత తానే కొత్త తరం దర్శకులలో ఒకడైన మనిషి. దృశ్యాలకు ఆ కాలపు చిత్రకారుడు మాత్యాస్ మేరియన్ అచ్చుబొమ్మలు ఆధారం. పాత పటాల మూలల్లో బుగ్గలు పూరించి ఊదే గాలిదేవుడి ముఖం ఉంటుంది గదా, ఇందులో అది యుద్ధాన్ని నడుపుతుంది. గాలి తిరిగితే గెలుపు పక్షం మారుతుంది, దానితోపాటు గోడ మీది జెండా, ఆస్థానంలోని విధేయత కూడా. వెనకటి సినిమాల కంటే ఇందులో కనికట్టు తక్కువ, మనుషులు ఎక్కువ. పేతర్ కోస్త్కా, ఎమీలియా వాషార్యోవా నటిస్తారు, నిజంగానే నటిస్తారు. ఒక్క పార్టీ పాలన ఉన్న దేశంలో, గాలివాటంగా మారే విధేయతల మీద హాస్యం తీయడం ఊరికే జరిగిన పని కాదు.

నలుపుతెలుపు:
చరిత్రపుట గారికి ధన్యవాదాలు. కొయ్యలాంటి నటుల విషయంలో నేను ఒక్క సినిమాను సాక్ష్యంగా పెడతాను. 1961లో తీసిన "బారన్ ప్రాషిల్" కోతలరాయుడు మున్‌హౌజెన్ కథ. పాత్రధారి మిలోష్ కోపెత్స్కీ. కన్ను కొద్దిగా చిట్లించి, ఒంటిని నిటారుగా పెట్టి, తన అబద్ధాన్ని తానే ముందుగా మెచ్చుకుంటూ మాట్లాడే ఆ మనిషి, పందొమ్మిదో శతాబ్దపు ఫ్రెంచి చిత్రకారుడు గుస్తావ్ దోరే గీసిన బొమ్మల నేపథ్యంలో పూర్తి ప్రాణంతో తిరుగుతాడు. చుట్టూ అంతా కాగితమైనా ఆ అబద్ధాలకోరు మాత్రం రక్తమాంసాలున్నవాడు.

మొదటి నిమిషాలు చూడండి. నేల మీద అడుగుజాడలు, గుంటలో కప్ప, పైకి ఎగిరే సీతాకోకచిలుక, పక్షులు, ఆ పైన విమానాలు, ఆ పైన రాకెట్టు, చివరికి చంద్రుడు. మాటలు లేకుండా మనిషి ఎగరాలనుకున్న చరిత్ర మొత్తం ఒక్క ఎక్కుడులో చెప్పేశారు. చంద్రుడి మీద దిగిన వ్యోమగామికి అక్కడ అప్పటికే అడుగుజాడలు కనిపిస్తాయి. కవి సిరానో, వెర్న్ పాత్రలు, బారన్ అందరూ అతని కంటే ముందే చేరి బల్ల చుట్టూ కూర్చుని ఉంటారు. గగారిన్ అంతరిక్షంలోకి వెళ్లిన సంవత్సరంలోనే తీసిన సినిమా ఇది. శాస్త్రం చేరిన చోటికి ఊహ ముందే చేరి కుర్చీ వేసుకుందన్న వాదన.

రంగు విషయంలోనూ కొత్తదనమే. "వినాశపు ఆవిష్కరణ" నలుపుతెలుపు. ఇక్కడ ఫ్రేమంతా ఒకే రంగు ఛాయలో ఉంటే, ఒక్కోచోట ఒక్క వస్తువు మరో రంగులో మండుతుంది. సుల్తాను అంతఃపురం నుంచి గుర్రాల మీద పారిపోయేటప్పుడు ఆకాశమంతా కమ్మే ఎర్రని పొగను మీరు మరచిపోలేరు. 1988లో ఇదే బారన్ కథను తీసిన టెర్రీ గిలియం తన మీద జెమాన్ ప్రభావముందని చెప్పుకున్నారు. సంగీతం జ్దెన్యెక్ లిష్కాది. "వినాశపు ఆవిష్కరణ"కు కూడా ఆయనే.

పాతరీలు:
కోపెత్స్కీ ముందు నేను ఓడిపోయాను, ఒప్పుకుంటున్నాను. "విదూషకుడి వృత్తాంతం" నేను చూడలేదు, చూస్తాను. కాని నా మొదటి అభ్యంతరం ఆ తరువాతి సినిమాల దగ్గర నిలుస్తుంది. 1966లో తీసిన "దొంగిలించిన గాలినౌక"లో 1891 నాటి ప్రాగ్ ప్రదర్శన నుంచి అయిదుగురు పిల్లలు గాలినౌకనెత్తుకుపోతారు. మొదటి అరగంట హుషారుగా ఉంటుంది, పిల్లలు దీవి చేరాక కథ సడలుతుంది. 1970 నాటి "తోకచుక్క మీద"లో పాత పోస్టుకార్డుల రంగులు బాగున్నాయి గాని, రాక్షసిబల్లులు మళ్లీ వచ్చాయి, గీతలు మళ్లీ వచ్చాయి, వెర్న్ మళ్లీ వచ్చారు. పనిముట్లను ప్రతిసారీ పారేసేవాడన్న నలుపుతెలుపు గారి మాట ఇక్కడ నిలబడదు. ఈ రెండూ ఆయన తన సొంత అటక మీది సామానుతో తీసినవి.

నలుపుతెలుపు:
ఆ రెండింటి విషయంలో మీతో వాదించను. "తోకచుక్క మీద" నాకు ఇష్టమైనా, అది కొత్త పని కాదు.

తోలుబొమ్మ:
నేనూ వాదించను. అయితే అరవయ్యేళ్ల వయసులో, అటక మీది సామాను అయిపోయిందని ఆయనకే తోచిందేమో గాని, ఆపైన చేసిన పనిని చూడండి. నటులను, పెద్ద సెట్లను, కలయిక విద్యలను అన్నింటినీ వదిలేసి, కత్తిరించిన కాగితపు బొమ్మలతో బల్ల ముందు కూర్చున్నారు. 1971 నుంచి సింద్‌బాద్ కథలను ఒక్కొక్కటిగా తీసి, 1974లో అన్నింటినీ కలిపి పూర్తి నిడివి చిత్రం చేశారు.

ఈ పద్ధతి మా తోలుబొమ్మకు దూరపు చుట్టం. బల్లపరుపు బొమ్మ, మెడ దగ్గర, భుజం దగ్గర, మోకాలి దగ్గర కీళ్లు, పక్కవాటు ముఖం. మేము తెర వెనక దీపం పెట్టి కర్రలతో ఆడిస్తాం, వాళ్లు బొమ్మను బల్ల మీద పరిచి పైనుంచి కెమెరా పెట్టి ఒక్కో ఫ్రేముకు వెంట్రుకవాసి జరుపుతారు. బల్లపరుపు బొమ్మకున్న చిక్కు రెండుచోట్లా ఒకటే: అది మన వైపు తిరగలేదు. పక్కకు నడుస్తుంది, పక్కకు చూస్తుంది. మన వైపు చూడాలంటే వేరే తల కావాలి. అందువల్ల ఎప్పుడు ఎదురుముఖం చూపించాలన్నది ఆడించేవాడి తెలివి.

1977లో తీసిన "మాంత్రికుడి శిష్యుడు"లో ఆ తెలివి పతాకస్థాయిలో ఉంది. జర్మనీ, చెక్ సరిహద్దుల దగ్గర బతికే సోర్బు జాతివాళ్ల పాతకథను ఓట్‌ఫ్రీట్ ప్రాయిస్లర్ నవలగా రాశారు, దాని ఆధారంగా తీసిన సినిమా. తిండిలేని బిచ్చగాడు క్రాబత్‌ను మాలకాకులు ఒక పాత పిండిమరకు పిలుచుకుపోతాయి. మర యజమాని మాంత్రికుడు, అతని దగ్గర పన్నెండుమంది శిష్యులు, ఏటా ఒకడు చావాలి. పిల్లల దర్శకుడని పేరున్న మనిషి ఇంత చీకటి సినిమా తీయడం నేను ఊహించలేదు. మంచు, నల్లని చెట్లు, అస్సలు రెప్పవేయని మాంత్రికుడి ఒంటికన్ను. ముఖం కదలని కాగితపు బొమ్మలో భయం ఎలా పలుకుతుందని పాతరీలు గారు అడగవచ్చు. ముఖం కదలకపోవడం వల్లనే పలుకుతుంది. తప్పించుకునే దారి తెలియని కుర్రాడి ముఖం మారకుండా అలాగే ఉండిపోతుంది, చుట్టూ ఋతువులు మారిపోతుంటాయి. ప్రయాణమే లేని సినిమా ఇది, పాతరీలు గారూ. వాహనం లేదు, వింతలు చూసి రావడం లేదు, పారిపోయిన ప్రతిసారీ మర దగ్గరికే తిరిగి రావడం తప్ప.

ఆ తరువాత 1980లో "హొంజీక్, మర్జెంకా" జానపద కథ తీసి విరమించారు. కూతురు లుద్మిల ఆయన దగ్గర పనిచేసి, తరువాత కెనడాలో స్థిరపడి గిల్గమేష్ గాథను బొమ్మల పుస్తకాలుగా వేశారు.

పాతరీలు:
"మాంత్రికుడి శిష్యుడు" నిన్న రాత్రి చూశాను. ప్రయాణం గురించి నేను మొదట రాసిన వాక్యాన్ని ఉపసంహరించుకుంటున్నాను. త్రన్కా విషయంలో మాత్రం నా అభిప్రాయం మారలేదు.

బ్ర్నోవాసి:
ప్రతుల గురించి ఇద్దరు ముగ్గురు నాకు విడిగా సందేశాలు పంపారు, అందరికీ కలిపి ఇక్కడే చెబుతాను. ప్రధాన చిత్రాలను ఇటీవలి సంవత్సరాలలో ఫిల్ము నుంచి డిజిటల్‌గా శుభ్రపరిచారు. ఆ పనిలో ప్రాగ్‌లోని కారెల్ జెమాన్ మ్యూజియం, చెక్ టెలివిజన్ భాగస్వాములు. "ఆదికాలానికి ప్రయాణం", "వినాశపు ఆవిష్కరణ", "బారన్ ప్రాషిల్" మూడింటినీ కలిపి, పాత సినిమాలను డిస్కులుగా తెచ్చే క్రైటీరియన్ సంస్థవారు 2020లో ఒకే పెట్టెగా తెచ్చారు, ఆంగ్ల ఉపశీర్షికలున్నాయి. ఎక్కడపడితే అక్కడ దొరికే మసక ప్రతులలో ఆ సన్నని గీతలు ఒకదానిలో ఒకటి కలిసిపోయి బూడిదరంగు ముద్దగా కనిపిస్తాయి, అవి చూసి సినిమాను తీర్పు తీర్చవద్దని నా మనవి.

మ్యూజియం 2012లో తెరిచారు, చార్ల్స్ వంతెన దిగగానే పక్క సందులో ఉంది. అక్కడి ప్రత్యేకత ఏమిటంటే వస్తువులను చూసి వచ్చేయడం కాదు, కొన్ని కనికట్లను మనమే చేసి ఫోనులో తీసుకోవచ్చు. లెక్కలమాస్టారు గారు డాబా మీద పడిన అవస్థ అక్కడ పిల్లలు వరుసలో నిలబడి పడుతుంటారు. జెమాన్ 1989 ఏప్రిల్ 5న పోయారు. ఆయన ఉన్న ఊరిని 1949 నుంచి కమ్యూనిస్టు నాయకుడి పేరుతో గోట్‌వాల్డోవ్ అనేవారు, అందుకే పాత ప్రతుల టైటిళ్లలో ఆ పేరు కనబడుతుంది. ఆయన పోయిన ఏడాది చివరలోనే ప్రభుత్వం మారింది, 1990 జనవరిలో ఊరికి జ్లీన్ అన్న పాతపేరు తిరిగి వచ్చింది. వెతికేటప్పుడు రెండు ఊళ్లనుకుని తికమకపడకండి.

గోదారిగట్టు:
అందరికీ ధన్యవాదాలు. ఆదివారం పిల్లలతో "ఆదికాలానికి ప్రయాణం" చూశాం. ఉపశీర్షికలను నేను తెలుగులో పైకి చదువుతూ కూర్చున్నాను. అనుకున్నట్టే మావాడు బ్రాంటోసారస్ నీళ్లలో అలా ఉండదని, మెడ అలా ఎత్తదని పదిసార్లు ఆపించాడు. చివరి సముద్రం దగ్గర యిర్కా బతికున్న ట్రైలోబైటును చేతిలోకి తీసుకుని తన దగ్గరున్న రాతి దానితో పోల్చి చూసినప్పుడు మాత్రం ఏమీ మాట్లాడలేదు. కాసేపటికి మా అమ్మాయి అడిగింది: "అమ్మా, నది వెనక్కి పారింది గదా, మరి వాళ్లు ఇంటికి ఎదురీదుకుంటూ వెళ్లారా?" నా దగ్గర జవాబు లేదు. లెక్కలమాస్టారు గారికి గాని, నలుపుతెలుపు గారికి గాని తెలిస్తే చెప్పగలరు. ఈలోగా మావాడు స్టెగోసారస్ చచ్చిపడిన చోటును మళ్లీ పెట్టమని అడుగుతున్నాడు.